మునెమ్మ ఇంటి నీడ

మదనపల్లె,
27 అక్టోబరు 1949, గురువారం.

మద్రాసు పట్టణంలో సుప్రసిద్ధ ఆర్ట్ డైరెక్టరు, ప్రస్తుతం పుంగనూరు వాస్తవ్యులు అయిన శ్రీ ఖాదర్ వలి గారి సముఖానికి, మదనపల్లెలో డ్రాయింగు మేష్టరు కృపానందం అనేక నమస్కారాలు చేసి రాసుకునేది. ప్రభువు దయవల్ల ఇక్కడ నేనూ నా భార్య మార్తమ్మా ఆరోగ్యంగా ఉన్నాము. తమరూ తమ పిల్లలూ సుఖంగా ఉన్నట్టు తమ శ్రీమతి ఖదీజా గారు నిన్న స్వయంగా వచ్చి చెప్పగా విని సంతోషించాను.

చూశావా వలీ, పదకొండేళ్లకు నీకు ఉత్తరం రాయబోతే నాలుగు వరుసలకే చెయ్యి నొప్పి పుట్టింది. ఈ తమరులూ గారులూ నా వల్ల కాదు. ఒకే ఆకులో సంగటి తిన్నవాణ్ణి తిట్టాలన్నా పాత పిలుపే వీలుగా ఉంటుంది. ఇక ఆ పిలుపుతోనే రాస్తాను.

నిన్న నేను బడినుంచి వచ్చేసరికి ఖదీజా మా వంటింటి గడప దగ్గర మార్తమ్మతో కూర్చుని ఉంది. పుంగనూరు బస్సు దుమ్మంతా ఆమె చీరమీదే ఉంది. నన్ను చూసి లేచి నిలబడి, తలమీద కొంగు సర్దుకుని, బాగుండావా అన్నా అని అడిగింది. నేను బాగున్నానని చెప్పాను. నువ్వు పంపితే రాలేదనీ, తను వచ్చిన సంగతి నీకు తెలియదనీ చెప్పింది. నేను నమ్మాను. ఎవరినైనా పంపి అడిగించే గుణం నీకు లేదు.

ఆమె చెప్పింది ఇంతే. ఏప్రిల్‌లో ఆ సినిమా పత్రికలో నా మాటలు అచ్చయిన దగ్గర్నుంచి స్టూడియోలో నీ వెనక నవ్వుకుంటున్నారట. ఆరు నెలలుగా ఎవరూ కొత్త పనికి పిలవలేదట. పూర్తయిన సినిమాలో కూడా నీ పేరు తెరమీద పడనివ్వనని మునిరత్నం మొదలియారు అంటున్నాడట. మనిద్దరినీ ఆనాడు మద్రాసుకు పిలిపించిన మునిరత్నమే. ఇంకొకడి బొమ్మ ఎత్తుకొచ్చినవాడి పేరు నా సినిమాకు వద్దన్నాడట. కుప్పం ఇంటి బొమ్మ ఖాదర్ వలిదే, నాది కాదు అని నేను నా చేత్తో రాసి, అది నవంబరు పదో తేదీలోగా ఆయనకు అందితే నీ పేరు ఉంటుంది, రాబోయే సినిమా కూడా నీకే ఇస్తాడు. అందకపోతే రెండూ పోతాయి. మొహర్రం కదా, నువ్వేమో పుంగనూరులో తాబూతుకు వెదుళ్లు చీరుకుంటూ ఎవరితోనూ మాట్లాడకుండా కూర్చున్నావట.

నేను రాసివ్వను వలీ. ఆమెతో నిన్న ఆ మాట అనలేక, ఆలోచిస్తానని పంపాను. నీతో అనగలను. ఎందుకు రాసివ్వనో చెప్తాను, ఓపిగ్గా చదువు. ఇప్పుడు నీకు తీరికే కదా.

దాసప్ప మనల్ని ఎలా పట్టాడో గుర్తుందా? కుప్పంలో ఆయన నాటకాల కంపెనీకి తెరలు కావాలి. క్రిస్మసు నాటకానికి నేను వేసిన బేత్లెహేము తెర చూసి నన్ను పిలిచాడు. పుంగనూరులో మీ నాయన కట్టిన తాబూతు చూసి నిన్ను పిలిచాడు. నేను రంగులవాణ్ణి, నువ్వు చట్రాలు బిగించేవాడివి. ప్రకటన కాగితం మీద నా పేరు ఉండేది, నీది ఉండేది కాదు. నీకు దాని మీద ధ్యాసే ఉన్నట్టు కనిపించేది కాదు. అది వినయమో టక్కో ఆ రోజుల్లో నేను ఆలోచించలేదు. ఈ పదకొండేళ్లూ అదే ఆలోచించాను.

పదిరోజుల కోసం వెదురూ రంగుకాగితమూ పెట్టి నిలువెత్తు తాబూతు గోరీ కట్టి, దానికి కిటికీలూ గుమ్మటాలూ చెక్కినట్టు అమర్చి, పదోనాడు తీసుకెళ్లి నీళ్లలో కలిపేయడం మీ ఇంటి పని. నాకది విడ్డూరంగా ఉండేది. పారేసేదానికి ఇంత పనితనం దేనికని అడిగితే, చూసేవాళ్లు పదిరోజులు చూస్తారు కదా అనేవాడివి. నేను నవ్వేవాణ్ణి. తెర అంటే పదేళ్లు ఉంటుంది, మడతపెట్టి పెట్టెలో పెట్టుకోవచ్చు అని గొప్పలు పోయేవాణ్ణి. సినిమా సెట్టింగంటే పదిరోజులు నిలబడి కూలిపోయేదే అని, మీ తాతల కాలం నుంచీ మీరు చేస్తున్నది అదేనని మనకెవరికి తెలుసు?

ఆ తెర గొప్ప కూడా గుడుపల్లెలో తేలిపోయింది. సాయంత్రం తెర కడుతుండగా వాన దంచింది. తెరమీద వేసిన సముద్రం కారి వచ్చి రాజసభలో పడింది. నా మూడు నెలల కష్టం బురదనీళ్లయి దాసప్ప కాళ్ల కింద పారింది. ఆయన తలపట్టుకుని కూలబడితే నువ్వు ఊళ్లోకి పోయి గోనెపట్టలూ ఈతచాపలూ వెదుళ్లూ మోయించుకొచ్చి, సున్నమూ బంకమట్టీ పూసి, దీపాలు వెలిగించే వేళకు సభ నిలబెట్టావు. ఒక ముసలాయన వచ్చి స్తంభాన్ని వేళ్లతో కొట్టి చూసి, రాయి కాదని తెలిసి గట్టిగా నవ్వాడు. ఆ రోజు నా తెర ఏదని ఎవరూ అడగలేదు. దాసప్ప కూడా అడగలేదు. నాకు నీమీద మొదటిసారి కడుపు మండింది ఆ రోజే. ఇది నీకు ఎప్పుడూ చెప్పలేదు.

ఇక మునెమ్మ ఇల్లు. కుప్పంలో మనం రెండేళ్లు అద్దెకున్న తొట్టికట్టు ఇల్లు. నడుమ ఆకాశం కనబడే తొట్టి, చుట్టూ నాలుగు వైపులా రాతిస్తంభాల పంచ, పొద్దున తొమ్మిదికల్లా మూడో స్తంభం నీడ వచ్చి రోలు మీద పడేది. ఆ ఇంటి బొమ్మ మన నోటుబుక్కులో ఉంది. నువ్వు ముళ్లు వేసిన తాడు పట్టుకుని స్తంభం చుట్టూ గుమ్మం చుట్టూ కొలుచుకుంటూ తిరిగేవాడివి. మునెమ్మకు అనుమానం వచ్చి, "ఏందప్పా, నా ఇల్లేమన్నా ఏలానికొచ్చిందా, యాల కొలస్తాండావు?" అని నిలదీసింది. నేను పంచలో కూర్చుని పెన్సిలు చెక్కుకుంటూ నవ్వాను. కంటితో చూసి వేసేవాడికి తాడెందుకు? నా కంటికి అన్ని కొలతలూ తెలుసనుకునేవాణ్ణి.

ముప్పైయెనిమిదిలో మునిరత్నం మొదలియారు దాసప్పకు రాశాడు, తెరలు వేసే మనుషులు కావాలని. కుప్పంలో రైలెక్కాం. మార్తమ్మ మనిద్దరికీ కలిపి పులిహోర కట్టిచ్చింది. అరక్కోణం దాకా నేను రాజభవనాల గురించి చెప్తూనే ఉన్నాను, నువ్వు కిటికీలోంచి చూస్తూ ఊఁ కొడుతూనే ఉన్నావు.

స్టూడియోలో చెరొక గోడ ఇచ్చారు. నాలుగు రోజులు గడువు. ఎవరి గోడ కెమెరాకు నచ్చుతుందో చూస్తామన్నారు. నేను వేసిన గోడ లాంటిది నా జన్మలో మళ్లీ వేయలేదు. ఎనిమిది స్తంభాల వసారా, ఒక్కొక్క స్తంభానికీ ఎడమవైపు పొడుగాటి నీడ, నీడ అంచున లేత వెలుగు. దూరం నుంచి చూసి వడ్రంగులు కూడా లోపలికి నడవబోయారు. నీ గోడ చూస్తే జాలేసింది. వెదురుబద్దల మీద కాగితం అంటించి, మూడు వేళ్ల మందం స్తంభాలు పైకి లేపి, మట్టిరంగు ఒక్కటే పూసి ఊరుకున్నావు. నీడ లేదు, వెలుగు లేదు. ఎండలో పెట్టిన పిడకల గోడలా ఉందని నీతోనే అన్నాను.

దీపాలు వేశారు. ఒక నటి వచ్చి నా గోడ ముందు నిలబడింది. ఆమె నీడ కుడివైపు పడింది. నా స్తంభాల నీడలన్నీ ఎడమవైపు పడి ఉన్నాయి. కెమెరా ఆయన మీ ఊళ్లో సూర్యుళ్లు ఇద్దరా అని అరవంలో అడిగాడు. అందరూ నవ్వారు. ఆ నటి కూడా వెనక్కి తిరిగి చూసి, అర్థం చేసుకుని నవ్వింది. తరువాత నీ గోడ ముందు దీపాలు పెట్టారు. మూడు వేళ్ల మందానికే స్తంభాల వెనక నీడలు వాటంతట అవే వచ్చి నిలబడ్డాయి. దీపం జరిపితే అవీ జరిగాయి. మొదలియారు నీ భుజం మీద చెయ్యి వేశాడు.

తెరమీద నీడ వేయడం తెర పనివాడి ధర్మం వలీ. నాటకంలో దీపం ఎక్కడుంటుందో మనకు ముందే తెలుసు, అది కదలదు. సినిమాలో దీపం కదులుతుందని నీకు తెలుసు. ముందురోజంతా నువ్వు ఆ దీపాల మనుషుల పక్కనే తచ్చాడావు. తెలిసి నాకు చెప్పలేదు. మదనపల్లెలో నేను పదకొండేళ్లుగా అందరికీ చెప్తున్నది ఇదే. నిన్న ఖదీజాతోనూ అదే అన్నాను. నువ్వు ఆ పొద్దున్నే చెప్పావని ఆమె అంది. నాకలాంటిదేదీ గుర్తులేదని చెప్పాను.

నేను వచ్చేస్తుంటే నువ్వు సెంట్రలు స్టేషను దాకా వచ్చావు. రైలు కదులుతుండగా నోటుబుక్కు నా చేతిలో పెట్టావు. కొలతలన్నీ నీకు నోటికి వచ్చు కాబట్టి పుస్తకంతో నీకు పని లేదనుకున్నాను. బిచ్చం వేసినట్టనిపించింది. కుప్పంలో దిగగానే దాన్ని కాల్చేద్దామనుకున్నాను. కాల్చలేదు, పెట్టె అడుగున పడేశాను.

ఆ తరువాత నీ జీవితం నాకు నీకంటే బాగా తెలుసు. మొదటేడు గోడలకు సున్నం కొట్టించావు. రెండో ఏడు సహాయకుల పేర్లలో చివరిది నీదే, గుంపులో ఎవరి కంటా పడని పేరు. మా ఊరికి డేరా టాకీసు వచ్చినప్పుడల్లా నేను తలకు తువాలు చుట్టుకుని వెళ్లేవాణ్ణి. చర్చిలో సంఘపెద్దను కదా, ఎవరైనా చూస్తే బాగుండదు. నీ పేరు పడేదాకా చూసి, కొన్నిసార్లు అక్కడే లేచి వచ్చేసేవాణ్ణి. నాకు సినిమాల పిచ్చి పట్టిందని మార్తమ్మ పాస్టరు గారి భార్యతో చెప్పి బాధపడింది.

నలభైరెండులో జపానువాళ్లు బాంబులు వేస్తారని మద్రాసు ఖాళీ అయింది. నువ్వు పిల్లలతో పుంగనూరు చేరావు. ఒక ఆదివారం మా ఇంటికి వచ్చావు. స్టూడియో మళ్లీ తెరుస్తారు, నాతో వచ్చేయమను, రంగుల పనంతా తనే చూసుకోవచ్చు అని మార్తమ్మతో చెప్పి, గంటసేపు కూర్చుని, మజ్జిగ తాగి వెళ్లావు. నేను గుడిలో ఉన్నానని ఆమె నీకు చెప్పింది. నేను తలుపు వెనకే ఉన్నాను. నీ చెప్పుల చప్పుడు వీధి మలుపు తిరిగేదాకా అక్కడే నిలబడ్డాను. నీ కింద పనిచేయడానికి నేను ఇంకో జన్మ ఎత్తాలి.

యుద్ధం నీకు కలిసొచ్చింది. చెక్క లేదు, మేకులు లేవు, సిమెంటు లేదు. పెద్దపెద్ద ఆర్ట్ డైరెక్టర్లు చేతులెత్తేసిన చోట నువ్వు గోనెపట్టలూ పాత పేపర్లూ వెదుళ్లూ పెట్టి కోటలు కట్టావు. గుడుపల్లె సభే అది, కాస్త పెద్దది. మొదలియారు నిన్ను నెత్తిన పెట్టుకున్నాడు. ఆ సినిమాలు చూసి మా బడిలో సైన్సు మేష్టరు, ఎంత రాయి మోయించారో అని ఆశ్చర్యపోయాడు. అది గోనెపట్ట అని నేను చెప్పలేదు. చెబితే నీ గొప్ప ఇంకా పెరుగుతుంది.

నలభైఆరులో ఆ సినిమా వచ్చింది. డేరాలో వెనక బెంచీమీద కూర్చున్నాను. నీ పేరు పడింది, ఒక్కడిదే, తెర నిండుగా. లేవబోతుండగా కథ మొదలైంది. మునెమ్మ ఇల్లు. అదే తొట్టి, అవే స్తంభాలు, గుమ్మం పక్కన అదే దీపపు గూడు. ఆ కథలో ఒక విధవ పొద్దున్నే వచ్చి రోటి దగ్గర కూర్చుంటుంది. మూడో స్తంభం నీడ నెమ్మదిగా వచ్చి రోలు మీద పడుతుంది. నోటుబుక్కులో నేను పెన్సిలుతో వేసిన నీడ అది, ఆ వంపుతో, ఆ పొడుగుతో. నేను లేవలేదు. ఆ సినిమా ఊళ్లో ఉన్నన్నాళ్లూ రోజూ వెళ్లాను.

ఆ నీడ అలా పడేదాకా నువ్వు దీపాలవాళ్లతో పొద్దంతా కొట్లాడావని ఖదీజా నిన్న చెప్పింది. కెమెరా ఆయన వద్దన్నా వినలేదట. ఎత్తుకొచ్చిన సొమ్మును అంత జాగ్రత్తగా తుడిచి పెట్టుకున్న దొంగను నేనెక్కడా చూడలేదు అని నేను ఆమెతో అన్నాను. మార్తమ్మ లోపలికి వెళ్లిపోయింది.

పత్రికాయన వచ్చింది మార్చిలో. పేరు మోసిన ఖాదర్ వలి చిన్ననాటి ముచ్చట్లు చెప్పమని వచ్చాడు. నేను కాఫీ ఇచ్చి, పెట్టె తెరిచి నోటుబుక్కు తీశాను. ఈ ఇల్లు నేను వేసిన బొమ్మ, సినిమాలో పెట్టుకున్నవాడు నాకొక్క మాట చెప్పలేదు అన్నాను. ఆయన ముఖం వెలిగిపోయింది. ముచ్చట్లకోసం వచ్చినవాడికి మేకపోతు దొరికింది. ఆయన వెంట వచ్చిన ఫొటో ఆయన నన్ను వీధి అరుగు మీద నిలబెట్టి, పుస్తకం తెరిచి గుండె దగ్గర పట్టుకోమన్నాడు. పిల్లవాడు పలక చూపించినట్టు పట్టుకున్నాను. ఫొటో బాగా వచ్చింది. మార్తమ్మ దాన్ని కత్తిరించి అద్దం కట్టించింది. బడిలో ఉపాధ్యాయులంతా వచ్చి నాకు కరచాలనం చేశారు. పిల్లలకు మామిడిపండూ కూజా బొమ్మా నేర్పేవాణ్ణి, ఒక్క వారంలో మదనపల్లెలో పెద్దమనిషినయ్యాను. నాకూ ఒక పేరు వచ్చింది వలీ. అది నీ పేరులోంచి కోసుకున్న ముక్కే అయినా, తినడానికి రుచిగానే ఉంది.

ఇప్పుడు అది కూడా రాసిచ్చేయమంటున్నారు. రాసిస్తే నేనెవర్ని? అబద్ధాలకోరు డ్రాయింగు మేష్టర్ని. నువ్వు మళ్లీ మద్రాసు పోతావు, నీ పేరు మళ్లీ తెర నిండా పడుతుంది, నేను మళ్లీ తువాలు చుట్టుకుని వెనక బెంచీలో కూర్చోవాలి. అది ఇక నా వల్ల కాదు. పేరు లేకుండా పదకొండేళ్లు బతకవచ్చని నేను చూపించాను కదా, నువ్వూ బతుకు. మొదటి రెండేళ్లే కష్టం.

ఖదీజాకు ఈ మాట నా తరఫున చెప్పు. పిల్లలకు ఆశీస్సులు.

ఇట్లు,
ఒకప్పటి నీ స్నేహితుడు,
కృపానందం.

తాజా కలం. 30 అక్టోబరు, ఆదివారం.

పై ఉత్తరం మూడు రోజులుగా సొరుగులోనే ఉంది. చింపేద్దామనుకున్నాను. చింపలేదు. నేను ఎలా మాట్లాడతానో, ఎంత బాగా నమ్మిస్తానో నీకు తెలియాలి.

ఈ రోజు మా సంఘంలో ప్రభువు బల్ల, అందరమూ రొట్టే ద్రాక్షరసమూ పుచ్చుకునే ఆరాధన. ఎవరిమీదైనా మనసులో విరోధం పెట్టుకున్నవాళ్లు దాన్ని తీసుకోకూడదు, అది మావాళ్ల కట్టుబాటు. పెద్దను కాబట్టి పళ్లెం పట్టుకుని వరుసవరుసకూ నేనే అందించాను. నా వంతు వచ్చేసరికి పళ్లెం పాస్టరు గారి చేతికి తిరిగి ఇచ్చేశాను. మార్తమ్మ చూసింది. ఇంటికి వచ్చాక గోడమీది ఫొటో తీసి బల్లమీద పెట్టి, దాని పక్కన నోటుబుక్కు పెట్టి, వంటింట్లోకి వెళ్లిపోయింది. బుధవారం వెళ్లబోతూ ఖదీజా ఏమందో ఆమె కూడా విన్నది. నేను పైన ఆ మాట రాయలేదు.

ఖదీజా ఆ ఫొటో ముందు చాలాసేపు నిలబడింది. అప్పుడు అంది: "పత్రిక వచ్చిన దినం ఆయప్ప ఇది సూసి ఒకటే మాట అన్న్యాడన్నా. ఆ బొటనేలు కింద ఏముండాదో కృపానందప్పకు తెలుసులే అన్న్యాడు. మొదలియారుకు సెప్పమంటే సెప్పల్యా. కృపానందప్పే సెప్పాల అంటాండాడు."

ఆ పొద్దున నువ్వు నాకు చెప్పావు వలీ. స్టూడియో ఎదురుగా టీకొట్టు బెంచీమీద, గ్లాసు కింద పెట్టి, "నీడ నువ్వు గియ్యొద్దప్పా, దీపం గీస్తాది" అన్నావు. వెదుళ్లు కట్టేవాడివి నాకు నేర్పుతావా అన్నాను. నువ్వు ఇంకోసారి చెప్పబోయావు. నేను లేచి వచ్చేశాను. నాకు అన్నీ గుర్తున్నాయి, ఆ గ్లాసుకు అంచు పగిలి ఉండడం కూడా.

మునెమ్మ ఇంటి బొమ్మలో గీతలన్నీ నీవి. తాడుతో ఇరవై రోజులు కొలిచి, ఒక్కొక్క స్తంభమూ కొలత ప్రకారం గీసింది నువ్వు. ఒక పొద్దున నాకేమీ తోచక పక్కన కూర్చుని నీడలు దిద్దాను. ఆ బొమ్మలో నీడ ఒక్కటే నాది. దీపం దగ్గర పొద్దంతా కొట్లాడి నువ్వు తెరమీద నిలబెట్టింది ఆ ఒక్కదాన్నే. దాని పక్కన నా పేరు ఎక్కడ రాయాలో తెలియక ఆ నీడతోనే దాన్ని రాశావని, ఆ డేరాలో మొదటిరోజే నాకు తెలిసింది. తెలిసే మార్చిలో పెట్టె తెరిచాను.

మొదలియారుకు వేరే రాశాను, సంతకంతో. రేపు పోస్టాఫీసు తెరవగానే రిజిస్టరు చేస్తాను. ఈ ఉత్తరమూ నోటుబుక్కూ ఫొటోనూ మార్తమ్మ రేపటి బస్సులో తెచ్చి నీకిస్తుంది. బొమ్మ ఉన్న పేజీ చింపకు, మొదలియారుకు పుస్తకంతోనే చూపించు. నేను రాను. క్షమించమని అడగను. అడిగితే నువ్వు ఆ క్షణమే క్షమిస్తావు, దాన్ని భరించే శక్తి నాకు లేదు.

ఆ పేజీ కింది మూల మీ ఉర్దూ అంకెల్లో నాలుగు వరుసల కొలతలు ఉన్నాయి. ఆ అంకెలు నాకు నేర్పింది నువ్వే కాబట్టి నేను చదవగలను. వాటి కింద ఖాదర్ వలి, కుప్పం, 1935 అని ఉంది. మొదలియారును ఫొటో పక్కన పుస్తకం పెట్టుకుని చూడమను. నా బొటనవేలు ఎక్కడుందో అక్కడ నీ పేరు ఉంది.